కవి ఇంటి మనిషి

మధ్యాహ్నం ఓపెన్‌కాస్టు బొగ్గు గనిలో పేలుళ్లకు ముందు బ్లాస్టింగ్ సైరన్ మోగితే, ఒలకకుండా పట్టుకోవడానికి ఇప్పటికీ నా చెయ్యి చాయ్ గ్లాసు మీదికి పోతుంది. ఆ వెంటనే నేల అదురుతుంది, గోడల నుంచి రాలిన సున్నం వాసన వస్తుంది, సామ్యేలు సారు గుర్తొస్తారు. గోదావరిఖనిలో కార్మికుల పిల్లలకు ఇంగ్లీషు చెప్పిన మనిషి. నేను ఈరోజు మంచిర్యాలలో లెక్చరర్‌నయ్యానంటే ఆయన చలవే.

గని విస్తరిస్తుందని మా కార్మికుల కాలనీ ఖాళీ చేయించారు. తలుపులు కూడా ఊడబెరికిన క్వార్టర్ల మధ్య రిటైరైన సారు, ఆయనకు వండిపెట్టే రాజవ్వ మాత్రమే మిగిలారు. సెలవుల్లో వెళ్తే ఆ వీధిలో నా చెప్పుల చప్పుడే ఎవరో వెంట వస్తున్నట్టు వినిపించేది. భయమేసేది, దాచడమెందుకు! సారు మాత్రం పదిహేడో శతాబ్దపు ఇంగ్లండు కవి ఒకాయన గురించి పక్కింటి మనిషి గురించి చెప్పినట్టు చెప్పేవారు. ఆ కవి తన ఊరి తరఫున పార్లమెంటులో కూర్చున్నవాడు, అక్కడి సంగతులన్నీ ఊరివాళ్లకు ఓపిగ్గా ఉత్తరాల్లో రాసినవాడు.

"బతికినన్నొద్దులు లోకానికి ఎంపీ తీరుగనే ఎరుక బిడ్డా. కవిత్వమెక్కువ పెట్టెలనే ఉండె. సచ్చినంక ఇంట్ల పనిచేసే ఆమె అచ్చేయించింది. నేను ఆయన పెండ్లాన్నని అండ్ల రాసింది" అన్నారొకసారి.

"నిజమేనా సార్?"

"పండితులు కాదంటరు. వాళ్లేమన్న ఆ ఇంట్ల ఉన్నరా?"

అప్పటిదాకా వినబడుతున్న గిన్నెల చప్పుడు వంటింట్లో ఆగిపోయింది. నేను వెళ్లేదాకా మళ్లీ వినబడలేదు.

ఆ ఏడే సారు పోయారు. సమాధి చేసిన వారానికి రాజవ్వ సారు చేతిరాతతో కవితలున్న నోటుబుక్కు కొంగులో చుట్టుకొని మంచిర్యాలలో మా గుమ్మంలో నిలబడింది.

"ఇది అచ్చెయ్యి బిడ్డా. నేను సారు పెండ్లాన్నని అండ్ల రాయి."

"చర్చిల పెండ్లి కాలేదు గద అవ్వా. సారు తమ్ముడు ఊకుంటడా?"

"ఊకోడు. మా కులపోళ్లు గుడ ఊకోరు. గందుకే ఇన్నొద్దులు చెప్పలే. రేపు ఆ ఇల్లు కూలగొడితె, నేనెవరో చెప్పెతందుకు ఏం మిగుల్తది?"

నెల రోజులు తేల్చుకోలేకపోయాను. చివరికి ఆమె అడిగినట్టే రాసి అచ్చేయించాను. సారు తమ్ముడు ఇప్పటికీ నాతో మాట్లాడడు.

పుస్తకం తీసుకొని సారు ఇంటికి వెళ్లాను. రాజవ్వకు చదువు రాదు. తన పేరు ఎక్కడుందో అడిగి వేలితో తడిమింది. "ఇగ సదువు" అంది. రెండు పంక్తులు చదివేసరికి మూడోది ఆమె నోట్లోంచి వచ్చింది. నేను ఆగినా ఆమె ఆగలేదు. కళ్లు మూసుకొని చివరిదాకా చెప్పింది, ఒక్క మాట మాత్రం వేరుగా.

"సారు చదివి వినిపించేటోడా అవ్వా?"

"ఆయన వినిపించుడేంది? నేను చెప్తుంటె రాసుకునేటోడు. గా ఒక్క మాట మార్చిండు. వద్దంటె ఇనలే" అంది, కూరలో ఉప్పెక్కువైనందుకు విసుక్కున్నట్టు.

అట్ట మీద సారు పేరొక్కటే ఉంది. మార్పిస్తానన్నాను. ఆమె సారు ఖాళీ కుర్చీ వైపు చూసింది.

"మారిస్తె ఆయనేడికి పోవాలె?"

భార్య అని రాయడానికి నెల రోజులు ఆలోచించిన దాన్ని, కవి ఎవరని ఒక్కనాడూ అడగలేదు. ఆ సిగ్గు నన్ను వదల్లేదు. పుస్తకం నా బల్ల మీదే ఉంటుంది, అట్ట కనబడకుండా బోర్లించి.