తాకకూడని ప్లగ్గు

పల్లీ చట్నీ కనబడితే నాకిప్పుడు ముందు భయమేస్తోంది, ఆ తర్వాత దండం పెట్టాలనిపిస్తోంది. నవ్వకండి, టీ తాగుతూ వినండి. పోయిన వారం ఆ చట్నీ వల్ల మా వీధి వీధంతా ఇంటర్నెట్ పోయింది. పోగొట్టిందెవరయ్యా అంటే, ఆ ఇంటర్నెట్ ఇచ్చేవాడే!

నరసరావుపేటలో నాది కేబుల్ వ్యాపారమని మీకు తెలుసుగా. ఈమధ్యే కొత్త పద్ధతికి మారాం. ఇదివరకు తెలివంతా మా కంట్రోల్ రూమ్‌లో ఉన్న పెద్ద మిషన్‌దే. అక్కడ బయల్దేరిన సిగ్నల్ ఊరంతా తిరిగి ఇళ్లకి చేరేసరికి నీరసపడిపోయేది. ఇప్పుడు ఆ మిషన్ చేసే పనిలో కొంత తీసి వీధికో బాక్సులో పెట్టారు. బాక్సు దాకా ఫైబర్, అక్కణ్ణుంచి ఇళ్లలోకి పాత కేబులే. దీన్ని డిస్ట్రిబ్యూటెడ్ యాక్సెస్ ఆర్కిటెక్చర్ అంటారట. ఆ పేరు నోటికి పట్టేసరికే నాకు తాతలు దిగొచ్చారు. పట్టాక మాత్రం కనబడినవాళ్లందరికీ చెప్పుకున్నాను.

మా వీధి బాక్సుని నాగేంద్రమ్మత్త వంటింటి గోడకి బయటివైపు బిగించాం. అత్తంటే చుట్టం కాదు, వీధి వరస. మా కేబుల్ వాళ్ల అలవాటు ఒకటుంది. బాక్సుకి కరెంటు దగ్గర్లో ఎవరింట్లోంచో తీసుకుంటాం, బదులుగా ఆ ఇంటికి నెట్టూ టీవీ ఫ్రీ. వైరు కిటికీలోంచి లోపలికెళ్లి, వంటింట్లో ఇన్వర్టర్ మీదున్న ఒకే ఒక్క ప్లగ్గులో ఉంటుంది.

బిగించిన రోజే అత్తకి గట్టిగా చెప్పాను. "అత్తా, భూమి బద్దలైనా సరే, ఈ ప్లగ్గు ముట్టుకోమాక."

"ముట్టుకోన్లేరా శీనయ్యా, ఎందుకట్టా అరుస్తావ్!" అంది.

అత్త పక్కింట్లో శ్రావణి ఉంటుంది, నర్సింగ్ చదివిన పిల్ల. పెద్ద ఆస్పత్రిలో ఉద్యోగానికి ఆఖరి ఇంటర్వ్యూ ఆన్‌లైన్‌లో పెట్టారు. ముందురోజు సాయంత్రం మా ఇంటికొచ్చింది. "బాబాయ్, రేపు పదకొండింటికి. ఏడాది నుంచి దీనికోసమే చూస్తన్నా. నెట్ పోదుగా?"

"నేనుండగా నెట్ ఎట్టా పోద్దే!" అన్నాను. ఆ మాట గుర్తుపెట్టుకోండి.

మాటిచ్చాను కదా, పొద్దున్నే బాక్సు చూసుకుందామని అత్తింటికి వెళ్లాను. లైట్లన్నీ పచ్చగా వెలుగుతున్నాయి. అక్కడితో వచ్చేస్తే ఏ గొడవా ఉండేది కాదు! "ఇడ్లీ తినిపోరా" అంది అత్త. కాదనలేకపోయాను. పళ్లెంలో ఇడ్లీ పడింది, మిక్సీలో చట్నీ సగం నలిగింది, కరెంటు పోయింది.

"కారప్పొడి వేసుకోరా. ఇన్వర్టర్ ప్లగ్గు నీదొక్కటేగా" అంది అత్త.

"వేడి ఇడ్లీలోకి కారప్పొడి ఏందత్తా! రెండు నిమిషాలేగా."

"తాకొద్దన్నావ్ గదరా?"

"నువ్వు తాకమాక. నేను తాకుతాగా!"

బాక్సు ప్లగ్గు పీకి మిక్సీ పెట్టాను. కరెంటు లేనప్పుడు ఎవరింట్లో రౌటర్ మాత్రం పనిచేస్తుంది గనక, ఎవరికి తెలుస్తుంది అనుకున్నాను. చట్నీ ఎంత బాగుందనుకున్నారు! రెండోసారి వేయించుకున్నాను. ఈలోగా కరెంటూ వచ్చింది. చెయ్యి కడుక్కుని, "పదకొండింటికి ఏ ఢోకా లేదత్తా" అని బండెక్కి వచ్చేశాను.

కంట్రోల్ రూమ్‌లో కూర్చోగానే ఫోన్లు మొదలు. "కరెంటొచ్చింది, నెట్ రాలా!" వీధి గ్రూపులో "టెక్నికల్ ప్రాబ్లం, దయచేసి సహకరించండి" అని మెసేజ్ పెట్టి మిషన్ చూస్తే, దానికి ఏ రోగమూ లేదు. కంపెనీ ఇంజినీర్‌కి ఫోన్ చేశాను.

"సార్, పనంతా ఇప్పుడు వీధి బాక్సుదే. అదే కనబడట్లేదు. పవర్ ఉందేమో చూడండి."

"పవరా! పొద్దున నేనే చూసొచ్చానయ్యా. మీ బాక్సే నాసిరకం!" అని ఆ అబ్బాయితో దెబ్బలాట పెట్టుకున్నాను.

ఈలోగా శ్రావణి ఫోన్. "బాబాయ్, రౌటర్‌లో ఎర్ర లైటొస్తంది. పావుగంటే ఉంది." నిచ్చెన పట్టుకుని పరుగెత్తాను. ఎక్కి బాక్సు తెరిచి చూస్తే లోపల చీకటి. కిటికీలోంచి అత్త నన్నే చూస్తోంది.

"అత్తా, ప్లగ్గు తాకావా?"

"నేనెందుకు తాకుతారా? నువ్వొద్దన్నావుగా!"

"మరింకెవరన్నా తాకారా?"

"ఎవర్నీ తాకనీలా. నువ్వు పెట్టిన మిక్సీ నువ్వు పెట్టినట్టే ఉంది."

నిచ్చెన మీదే నెత్తి కొట్టుకున్నాను. దిగి, లోపలికెళ్లి, ప్లగ్గు మార్చాను. కానీ ఆ బాక్సు ఓసారి పడుకుంటే తెలివిలోకి రావడానికి చాలాసేపు పడుతుంది. గుమ్మంలో శ్రావణి, లాప్‌టాప్ గుండెలకి పట్టుకుని నిలబడింది. తిట్టినా బాగుండేది. ఫోన్ నెట్ మీద చేద్దామంటే మా సందులో వీడియో కదలదు.

అప్పుడు అత్తే అడిగింది. "ఒరేయ్, వెనకింటోళ్లది వేరే బాక్సు గదరా?"

అవును! అత్త పెరటి గోడ అవతల టైలర్ మస్తాన్ ఇల్లు, పక్క వీధి కిందికి వస్తుంది. వీధికో బాక్సని ఊరంతా చాటింది నేను, సమయానికి గుర్తొచ్చింది అత్తకి. పెరటి తలుపు తీసి ఆ పిల్లని చెయ్యి పట్టుకుని తీసుకెళ్లింది.

మస్తాన్ సగం కుట్టిన పెళ్లి జాకెట్లన్నీ పక్కకి నెట్టి, "ఇక్కడ కూర్చో తల్లీ" అని మిషన్లు ఆపేశాడు. వాళ్లావిడ కుక్కర్ దించేసింది. నేనేమో వీధి మొదట్లో కాపలా. సరిగ్గా అప్పుడే మైకుతో ఉల్లిపాయల ఆటో! "సామీ, ఆ మైకాపు, నీ బస్తా నేను కొంటా" అని బతిమాలాను. మా ఇంట్లో ఇవాళ్టికీ ఉల్లిపాయ పులుసే.

నిన్న శ్రావణి స్వీట్లు పట్టుకొచ్చింది. ఉద్యోగం వచ్చింది! నాకు నిజంగానే కళ్లు చెమ్మగిల్లాయి. నా తిండియావకి ఆ పిల్ల భవిష్యత్తు బలయ్యేది. అత్తా, మస్తాన్ దంపతులూ కాపాడారు. వాళ్ల మేలు ఈ జన్మలో మర్చిపోను.

"ఆలస్యమెందుకైందని వాళ్లడిగారు బాబాయ్. టెక్నికల్ ప్రాబ్లం అని చెప్పా" అంది శ్రావణి.

"వస్తుంటాయమ్మా, ఇట్టాంటివి" అన్నాను, కాస్త పెద్దరికంగా.

అత్త నా చేతిలో లడ్డూ పెట్టి అంది. "అవునే తల్లీ. ఆ ప్రాబ్లం మా వంటింట్లోనే కూర్చుని, చట్నీ రెండోసారి వేయించుకుని మరీ పోయింది."