అల్పభాషి అయిన మా బావ

మొన్న సత్తుపల్లి బజారులో ఒక శ్రద్ధాంజలి ఫ్లెక్సీ చూశాను. అందులోని మృతుడు ‘సౌమ్యుడు, స్వల్పభాషి, అజాతశత్రువు’. ఈ ప్రాంతంలో ఎవరు పోయినా ఈ గుణాలతోనే పోతున్నారు; మాటలకు వేషం మారుతుంది, అంతే. మా బావ పెద్దకర్మ కళ్లముందు నిలిచింది.

మా అక్క భర్త ఓపెన్‌కాస్టు గనిలో డంపరు నడిపేవాడు. ఆ హోరుకు చెవులు సగం పోయాయి; అందువల్ల ప్రేమను సైతం కేకలతోనే ప్రకటించేవాడు. అన్నం తిన్నావా అని ఆయన అడిగితే, తగాదా అనుకుని పొరుగువారు తలుపులు తీసేవారు. డ్యూటీ దిగి వీధి మొదట్లో ఎవరినో పలకరిస్తుండగానే ఇంట్లో అక్క ఆ గొంతు విని కంచం కడిగేది. ఆ ఇంట గడియారంతో ఎవరికీ పనిపడలేదు.

పెద్దకర్మకు ముందురోజు మేనల్లుడు ఫ్లెక్సీ మాటలు చదివి వినిపించాడు. నిరుడు ఎదురింటి పెద్దమనిషి, నిజంగానే నోట్లో నాలుక లేని మనిషి, పోయినప్పుడు వేయించిన మాటలవి. ‘మృదుస్వభావి’ని ‘కోమలహృదయుడు’గా, ‘మితభాషి’ని ‘అల్పభాషి’గా ఫోను చేత మార్పించాడు. తెలుగు ఉపాధ్యాయుడిగా ఏళ్ల తరబడి పర్యాయపదాలు నేర్పిన నాకు, ఆ విద్యకు పట్టిన గతి చూసి రోత పుట్టింది.

అక్క తలెత్తింది. “ఎవరి గురించి చదువుతున్నవ్ రా?”

“నాయన గురించేనమ్మా.”

“మీ నాయన ఎన్నడన్న మెల్లగ మాట్లాడిండా? ఆయన పిలిస్తె బజారంత పలికేది. గది రాయి.”

“గట్ల రాస్తే నలుగురు నవ్వుతరు. మామా, నువ్వన్న చెప్పు. ఒక్క మాట కాపీ లేదు, అర్థం సుత మారలే.”

“మారలేదురా,” అన్నాను. “అందుకే అది ఇప్పటికీ ఎదురింటాయన గురించే ఉంది.”

“ఆర్డర్ ఇచ్చేసిన మామా,” అని వాడు లేచిపోయాడు.

మరునాడు పందిట్లో బావ ఫొటో కింద ‘అల్పభాషి’ బంగారు రంగులో మెరిసింది. వచ్చినవారు చదివి, తలలూపి, విస్తళ్ల ముందు కూర్చున్నారు. అక్క అటు చూడలేదు. పొద్దుటినుంచి మెతుకు ముట్టలేదు. ఎవరు బతిమాలినా కదలనిది, నన్ను చూసి మెల్లగా అంది: “తమ్మీ, ఒక్కసారి ఆయన లెక్క పిలువు.”

తరగతి గదిలో సైతం గొంతు పెంచని నేను, పందిరి మధ్య నిలబడి అరిచాను: “అన్నం తిన్నవా?”

విస్తళ్ల మీద చేతులు ఆగిపోయాయి. “పరువు తీసినవ్ మామా!” అన్నాడు మేనల్లుడు. అక్క లేచి కంచం కడిగింది.

ఆ ఫ్లెక్సీ ఇప్పుడు వాడి మోటారు సైకిలు మీద కప్పి ఉంది. మనిషిని అందరిలో ఒకడిగా కలిపేసే పని కాలం ఎలాగూ చేస్తుంది. పదిరోజులైనా ఆగకుండా దానికి మనమెందుకు సాయపడుతున్నామో.