రాతి మీద నాలుగో నెల

నో హ్యేజంగ్ ప్రొఫెసరమ్మ మా గుమ్మం ఎక్కిన రోజే నాకు నచ్చలేదు. నోరు నవ్వుతూనే ఉంటుంది, కళ్ళు మాత్రం ఇంటి దూలాల దాకా తడుముతుంటాయి. కొరియాలో ఆండోంగ్ దగ్గర మా ఊరంతా ఒకే వంశం. చరిత్ర రాస్తామంటూ వచ్చేవాళ్ళు తాతల గొప్ప రాయరు, బొక్కలే వెతుకుతారని మావాళ్ళ అనుమానం.

వంశపెద్ద మా మామగారే. నన్ను పిలిచి, "ఉల్జిన్ కోడలా, ఆవిడ వెనకాలే ఉండు. సమాధి రాయి చూస్తే చూడనీ. తద్దినాల ఊసు మాత్రం ఎత్తకు," అన్నారు. ఇక్కడ కోడలికి పుట్టింటి ఊరే పేరు. తద్దినాల్లో దాచేదేముందని నేను అడగలేదు. ఆయన్ని అడిగే అలవాటు మా ఇంట్లో ఎవరికీ లేదు.

నేను నీడలా తిరిగాను. ఆవిడ తడి కాగితం రాతికి అంటించి, సిరా గుడ్డతో అద్ది, అక్షరాలు దించుకుంది. నాలుగొందల ఏళ్ళ కిందట మా మూలపురుషుడు నాలుగో నెలలో, జపాను దండు కోట మీద పడిన రోజున, కత్తి వదలకుండా ప్రాణం వదిలాడని ఆ రాయి చెబుతుంది.

"ఇది రాసిస్తే మీకేమొస్తుంది?" అని అడిగాను.

"ఉద్యోగం నిలుస్తుంది అక్కా. నా దగ్గర చదివిన మగపిల్లలు ప్రొఫెసర్లయి కూర్చున్నారు. నన్ను ఏటేటా పొడిగిస్తూ లాగుతున్నారు. ఈ వ్యాసం ఒప్పుకుంటే పర్మనెంటు, లేదంటే ఇంటికి."

"యూనివర్సిటీలో మీ శాఖకి డబ్బిచ్చేది మా వంశమేగా. పొగిడెయ్యండి, పోతుంది."

"పొగడక చస్తానా," అంది. ఆ మాట కూడా నేను నమ్మలేదు.

ఆ సాయంత్రం వంటింటి అరుగు మీద నాతోపాటు వెల్లుల్లి వలవడానికి కూర్చుంది. "చదువుకున్న చేతులు, కంపు కొడతాయి," అన్నాను. కదల్లేదు. తోటికోడళ్ళ మీద, మోకాళ్ళ నొప్పుల మీద మాటలు సాగాయి. నాలుగు తరాలు దాటితే ఎవరికీ ఇంట్లో తద్దినం ఉండదు, ఒక్క మూలపురుషుడికి తప్ప. ఆ చాకిరీ తలుచుకుంటే నాకు ఒళ్ళు మండుతుంది. నోరు జారాను.

"ఆ పెద్దాయనకి అన్నీ కొత్తవే కావాలి. కొత్త బియ్యపు రొట్టెలు, అప్పుడే కోసిన పెర్సిమన్ పళ్ళు. చెస్ట్‌నట్లు చెక్కీ చెక్కీ వేళ్ళు తెగుతాయి."

ఆవిడ చేతిలో వెల్లుల్లి ఆగింది. "తద్దినం చనిపోయిన తిథికేగా పెడతారు?"

"మరింకెప్పుడు పెడతారు?"

"నాలుగో నెలకి ఇక్కడ నాట్లే పడవు, కొత్త బియ్యం ఎక్కడివక్కా?"

అప్పుడు వెలిగింది నాకు. యుద్ధంలో చావని మనిషికి రాయి చెక్కించారు, తద్దినం తిథి మాత్రం మార్చడానికి భయపడ్డారు. మామగారు నన్ను కాపలా పెట్టింది ఇందుకన్నమాట.

వ్యాసం మా వంశసభ మండపంలోనే చదివించారు. ముందు వరుసలో మామగారు, శాఖాధిపతి. నేను వెనక టీ పళ్ళెంతో నిలబడ్డాను. ఉద్యోగం కోసమైనా పొగడకపోదులే అనుకున్నాను. ఆవిడ మాత్రం మా మూలపురుషుడు కోటలో చావలేదనీ, పంట కోతల దాకా బతికే ఉన్నాడనీ చదివింది.

"ఎవరు చెప్పారు?" అన్నారు మామగారు, గొంతు పెంచకుండా.

"ఈ ఊరివాళ్ళే. పేరు చెప్పను."

శాఖాధిపతి కళ్ళజోడు తీశాడు. "పేరులేని మాట పుకారవుతుంది, చరిత్ర కాదు. ఎవరో చెప్పండి, లేదా ఆ వాక్యం కొట్టెయ్యండి. రెండూ కుదరవంటే ఈ వ్యాసం చెల్లదు."

ఆవిడ కాగితాలు మడిచి సంచిలో పెట్టుకోసాగింది. నా వైపు ఒక్కసారి కూడా చూడలేదు. ఇన్నాళ్ళూ ఈ మనిషినా నేను దొంగలా కాపు కాసింది అని సిగ్గేసింది.

పళ్ళెం కింద పెట్టాను. "నేనే చెప్పాను మామయ్యగారూ. కోతలయ్యాక ఆ పెద్దాయన తద్దినానికి వండిపెట్టేది నేనే."

శాఖాధిపతి కలం తీసి, "మీ పేరు?" అన్నాడు.

"ఉల్జిన్ కోడలు," అన్నారు మామగారు.

"గు బొక్‌నిమ్," అన్నాను నేను.

ప్రొఫెసరమ్మకు ఉద్యోగం నిలిచింది. మామగారు బతికినన్నాళ్ళూ మళ్ళీ నా చేతి అన్నం ముట్టలేదు.