ఓట్ల నీళ్ళు

ఈ వారం రోజులుగా ఒక గొంతు నాకు ఫోను చేస్తోంది. మనిషి కాదు, గొంతే. మధ్యాహ్నం అన్నం తిని, కళ్ళజోడు తీసి పక్కన పెట్టి, ఫ్యాను కింద నడుం వాల్చానో లేదో మోగుతుంది. ఎత్తగానే ఢిల్లీ నాయకుడెవరో చక్కటి తెలుగులో నన్ను పేరు పెట్టి పిలిచి, అమ్మా బాగున్నారా అని పలకరించి, మీ ఇంటికి నీళ్ళు వస్తున్నాయా, వస్తుంటే ఒకటి నొక్కండి, లేకపోతే రెండు నొక్కండి అంటాడు. అది ఆయన మాట్లాడింది కాదనీ, మిషను ఆయన గొంతు అరువు తెచ్చుకుని అందరినీ ఇలాగే పేరు పెట్టి పిలుస్తుందనీ మా కోడలు చెప్పింది. లోక్‌సభ ఎన్నికలు వచ్చాయి కదా, ఇప్పుడు మేముంటున్న సత్యనారాయణపేటలో మా వీధి ఆడవాళ్ళందరికీ ఈ ఫోన్లు వస్తున్నాయిట, అందరూ ఏదో ఒకటి నొక్కి తమ పని చూసుకుంటున్నారట. నేను మాత్రం ప్రతిసారీ ఏదీ నొక్కకుండానే పెట్టేస్తున్నాను.

మా కుళాయికి నీళ్ళు రాక కాదు. నీళ్ళ గురించి నన్నెవరైనా అడిగితే నాకు వేరే మనిషి గుర్తొస్తుంది. నా ఈడు వాళ్ళకు చెప్తే అర్థమవుతుందని ఇది రాస్తున్నాను, ఎందుకంటే అప్పటి ఓట్ల పండగలు ఎలా ఉండేవో మీరూ చూశారు, జీపుల వెనక దుమ్ములో మీరూ దగ్గారు.

మా పుట్టిల్లు కృష్ణా జిల్లా. పెళ్ళై ఇటు కన్నడ సీమకు, సిరుగుప్పకూ తెక్కలకోటకూ మధ్య కాలువ గట్టున ఉన్న క్యాంపుకి కాపురానికొచ్చాను. కాలువ తవ్వినప్పుడు కోస్తా నుంచి వచ్చి భూములు కొనుక్కున్నవాళ్ళ ఊళ్ళన్నిటికీ ఆ పేరే మిగిలిపోయింది, పక్కా ఇళ్ళు, రామాలయం, పాల కేంద్రం అన్నీ వెలిసినా క్యాంపు క్యాంపే. మా మామగారు మా క్యాంపుకి పెద్ద. ఆయనకు వరి తప్ప లోకంలో మరో పంట కనిపించేది కాదు, ఎండుగడ్డి వాసన తగలకపోతే నిద్ర పట్టదనేవారు. తూము కింద మాకు హక్కుగా వచ్చే నీళ్ళు కొంత పొలానికే సరిపోయేవి. ఆ పైన మెరక మీద మేం వేసుకున్న వరికి మాత్రం కాలువ గట్టు మీద డీజిల్ ఇంజన్లు పెట్టి, పైపు నేరుగా కాలువలోకి దించి తోడేవాళ్ళం. అది తప్పని అందరికీ తెలుసు. క్యాంపులో ప్రతి ఇంటికీ ఇంజను ఉండేది కనుక, అందరూ చేసే తప్పు ఎవరికీ తప్పుగా అనిపించేది కాదు. నాకూ అనిపించలేదు, ఆ మాట ముందే చెప్పేయడం మంచిది.

ఆ కాలువ చివరన ఒక ఊరు. ఎన్నో తరాలుగా అక్కడే ఉన్న తెలుగువాళ్ళు, నల్లరేగడిలో తెల్లజొన్న వేసుకుని, మిగతా రోజుల్లో మా క్యాంపులకు కూలికొచ్చేవాళ్ళు. కాగితం మీద వాళ్ళ పొలాలూ మాగాణే, కాలువ అక్కడిదాకా తవ్వే ఉంది. నీళ్ళే అక్కడికి చేరవు, దారిలో మేమున్నాం కదా. ఆ ఊరి నుంచి ఆడవాళ్ళ గుంపును వెంటబెట్టుకుని మా పొలానికి నాట్లకొచ్చే పెద్దదిక్కు ఒకావిడ ఉండేది. నాకంటే కాస్త పెద్దది. మా పిల్లలు నాట్లక్క అనేవారు, నాకూ అదే అలవాటైంది. నాకు కాన్పు అయినప్పుడు పసివాడికి ఒళ్ళు నలిచి నీళ్ళు పోసింది ఆవిడే. యాస ఒకటే కాకపోయినా మా ఇద్దరికీ తెగని కబుర్లుండేవి. జొన్న కోతలయ్యాక ఏటా కొత్త జొన్నలు చిన్న మూట కట్టి తెచ్చేది, మా పొయ్యి ముందు కూర్చుని, మీ అన్నం తింటే గాలి తిన్నట్టుంటాది అని ఎగతాళి చేస్తూ, అరచేతుల మధ్యే రొట్టె తట్టి కాల్చి పెట్టేది. అంత పల్చటి రొట్టె మళ్ళీ ఎక్కడా తినలేదు.

నేనప్పటికి క్యాంపు బళ్ళో టీచరుగా చేరి కొన్నేళ్ళైంది. ఆ సారి లోక్‌సభ ఎన్నికలు మాఘమాసంలో వచ్చిపడ్డాయి, సరిగ్గా రెండో పంట నాట్ల కాలం. కాలువ చివరి ఊరివాళ్ళు మాత్రం ఊరి మొగదల ఒక అట్ట కట్టారు, నీళ్ళు రాకపోతే ఓటు లేదని, కన్నడంలో ఒకసారి, తెలుగులో ఒకసారి రాసి. మా మామగారు దాన్ని చూసి నవ్వారు కానీ, అధికారులు నవ్వలేదు. జీపులు రావడం మొదలైంది. ఎప్పుడూ ఆ ఊరి దారి తెలియని ఆఫీసర్లు వచ్చి, చెట్ల నీడన మంచాల మీద కూర్చుని, వాళ్ళను బతిమాలడం చూశాం.

ఆ రోజుల్లోనే సిరుగుప్పలో పెద్ద సభ జరిగింది. ఢిల్లీ నుంచి నాయకుడు హెలికాప్టర్లో దిగాడు, దుమ్ముకు జనం తలల మీద తువ్వాళ్ళు కప్పుకుని కూడా కళ్ళు మూసుకోలేదు. ఆయన దేశం గురించి చాలా మాట్లాడాడు, చివర్లో ఎవరో చీటీ అందిస్తే చూసుకుని, ఈ కాలువ నీళ్ళు ఆఖరి పొలం దాకా పారిస్తానన్నాడు. అంతే, ఒక్క వాక్యం. మర్నాడు ఆ పార్టీ అభ్యర్థి మా ఇంటికొచ్చాడు. నేను పెసరట్లు వేస్తూ, వడ్డిస్తూ, అంతా విన్నాను. ఢిల్లీ పెద్దాయన మాటిచ్చేశాడు, జనానికి నీళ్ళు కనపడాల, ఆ ఊరి ఓట్లు మనకు రావాల అన్నాడు. "చునావణె అయ్యేదాంక ఇంజన్లు ఎత్తి పక్కన పెట్టుకోండప్పా, ఆమేలె మీ ఇష్టం. మీకు కరెంటు లైను నా జవాబ్దారి." చునావణె అంటే ఎన్నికలనీ, ఆమేలె అంటే ఆ తర్వాత అనీ నాకు కాపురానికొచ్చిన కొత్తలోనే తెలిసింది. మామగారు ఇంకో అట్టు వేయించుకుంటూ, "సరేనండి, కాస్త ఓర్చుకుంటే పోయేదేముంది, మా లైను సంగతి మాత్రం మరచిపోకండి" అన్నారు. మా వారు నాకేసి చూశారు, నేను చట్నీ తేవడానికి లోపలికి వెళ్ళిపోయాను.

ఇంజన్లు షెడ్డుల్లోకి చేరాయి. కాలువ నిండుగా పారి, కొద్ది రోజుల్లోనే చివరి ఊరు చేరింది. వాళ్ళు నీళ్ళకు ఎదురెళ్ళి పసుపూ కుంకుమా చల్లారట, అట్ట విప్పేసి, తూము గోడకు నాయకుడి బొమ్మ అంటించారట. ఇంజన్లు ఎత్తినందుకు వచ్చాయని వాళ్ళకెవరు చెప్తారు? సభలో మాట అన్నాడు, వారం తిరక్కుండా నీళ్ళొచ్చాయి, వాళ్ళు చూసింది అదే. వాళ్ళ స్థానంలో ఉంటే నేనూ నమ్మేదాన్ని.

ఆ మర్నాడే నాట్లక్క మా పెరట్లోకి వచ్చి నిలబడింది, మొహమంతా వెలిగిపోతూ.

"టీచరమ్మా, నారు మిగిలుంటే మాకియ్యమ్మా. మా మడిలో గూడా నీళ్ళు పార్తాండాయి."

"జొన్న ఉంది కదా అక్కా మీ చేలో?"

"కోసి ఎద్దులకేసేసినాను. వరి ఏసుకుంటాం ఈసారి. ఆయప్ప యాడో ఢిల్లీలో ఉంటాడంట, మా కాలువ మాట ఆయప్ప నోట్లో వచ్చింది సూడు!"

కంకి పాలు పోసుకుంటున్న జొన్న. ఆ ఇంటిల్లిపాదికీ ఏడాది తిండి. పచ్చిగానే కోసేసింది. అప్పుడైనా చెప్పాల్సింది. ఇంకా కోయనివాళ్ళు ఉంటారు, వాళ్ళ జొన్నైనా మిగిలేది. కానీ మామగారు అరుగు మీద పేపరు చదువుతున్నారు, చదువుతూనే, ఇవ్వమ్మా, పాపం అడుగుతోంది అన్నారు. నేనే దగ్గరుండి నారు పీకించి, కట్టలు కట్టించి, బండి మీద పంపాను. వెనకటి మనుషుల దొడ్డ మనసు అంటూ నా ఈడు వాళ్ళం ఇలాంటివి చెప్పుకుని మురుస్తూ ఉంటాం. ఆ నారు ఇచ్చిన చేతులు నావి కనుక నేను మాత్రం ఆ మాట చెప్పుకోలేను. ఏమో, ఇంత మంది కళ్ళబడ్డాక మళ్ళీ ఇంజన్లు దించరేమో అని నాకు నేను చెప్పుకున్నాను. షెడ్డులో మా వారు ఇంజనుకు గ్రీజు పెడుతుంటే లాంతరు పట్టుకున్నది కూడా నేనే మరి.

టీచర్లం కదా, మాకు పోలింగు డ్యూటీ తప్పదు. ఆడవాళ్ళకు దగ్గరి ఊళ్ళు ఇస్తారు, నాకు ఆ చివరి ఊరి బడే పడింది. వేలికి సిరా పెట్టే పని నాది. పొద్దున తలుపులు తెరిచేసరికే వరస బయట రోడ్డు దాకా ఉంది, ఆ ఊళ్ళో అన్ని ఓట్లు ఎన్నడూ పడలేదని పోలింగు ఆఫీసరు సంబరపడ్డాడు. నాట్లక్క తన గుంపుతో వచ్చింది, కొత్త చీర కట్టుకుని, పూలు పెట్టుకుని. ఎడమ చెయ్యి చాపింది. వేళ్ళు నీళ్ళలో నాని నాని తెల్లగా పాలిపోయి ఉన్నాయి. నారు చీల్చి చీల్చి చూపుడువేలి గోరు మొదలుదాకా అరిగింది, సిరా పెడదామంటే గోరు ఏది? ఇన్నేళ్ళూ ఆ గోరు మా పొలాల్లో అరిగింది, ఈసారి సొంత మడిలో అరిగింది. వేలు పట్టుకుని పుల్ల ముంచుతుంటే, వంగి మెల్లగా అడిగింది.

"ఇంగ ఈ నీళ్ళు నిలుస్తాయి గదమ్మా?"

పోలింగు బూత్‌లో ఓటర్లతో ఏమీ మాట్లాడకూడదని మాకు శిక్షణలో గట్టిగా చెప్పారు. ఆ నిబంధన నాకు ఎంత చక్కగా కలిసొచ్చిందో! అది లేని రోజున, మా పెరట్లో కూడా నేను చెప్పలేదు కదా. తలెత్తకుండా సిరా గీత గీసి, "తుడుచుకోకు అక్కా, ఆరనీ" అన్నాను. సరేనని వేలు అలాగే పైకెత్తి పట్టుకుని, జాగ్రత్తగా నడుచుకుంటూ పెట్టె దగ్గరికి వెళ్ళింది.

మర్నాడు నేను ఇల్లు చేరేసరికి ఇంజన్ల మోత మా వీధిలోకి వినిపిస్తోంది. మామగారు కాఫీ తాగుతున్నారు, ఎప్పటిలాగే. ఇంకొంతకాలం ఆపండి మామయ్యగారూ, వాళ్ళు నాట్లు వేసుకున్నారు అని నేను అననే అన్నాను. అన్నానని చెప్పుకోవడానికి తప్ప ఆ మాట దేనికీ పనికిరాలేదు. "మనం ఆపితే పక్కవాడు తోడడా అమ్మాయ్" అన్నారు.

చివరి ఊళ్ళో మళ్ళు నెర్రెలు విచ్చాయి. వాళ్ళు ఆఫీసుకి వెళ్ళారు, అక్కడ వాళ్ళను బతిమాలే మనిషే లేడు. అట్ట కట్టిన రోజుల్లో వాళ్ళ చేతిలో ఉన్నది ఒక్కటే, ఓటు వేయం అన్న మాట. అదొక్కటే అందరినీ వాళ్ళ గుమ్మం దాకా నడిపించింది. అది పెట్టెలో పడ్డాక వాళ్ళను చూసే అవసరం ఎవరికి? ఆ అభ్యర్థి గెలిచాడు, ఢిల్లీలో ప్రభుత్వమూ వచ్చింది. మా క్యాంపుకి కరెంటు లైనూ, ట్రాన్స్‌ఫార్మరూ వచ్చాయి, డీజిలు ఖర్చు తప్పింది. అన్న మాట మీద నిలబడే నాయకుడని మేం ఆయన్ని ఊరేగించాం.

నాట్లక్క మా మెరక పొలానికి కలుపుకి వచ్చింది, ఎప్పటిలాగే గుంపును తీసుకుని. నాతో పోట్లాడుతుందనుకున్నాను, పోట్లాడితే బాగుండునని కోరుకున్నాను. పిల్లోడు బాగుండాడా అని అడిగింది, అంతే. తనకు సిరా ఎప్పుడో పోయింది, నా వేళ్ళకే ఇంకా కాస్త మిగిలి ఉంది, కొంగులో దాచుకున్నాను. ఆ ఏడు జొన్నల మూట రాలేదు. మా వడ్లు ఇంటికి చేరాక నేనే బియ్యం మూట కట్టి ఇచ్చాను. రెండు చేతులతో అందుకుని కళ్ళకద్దుకుంది. వాళ్ళ నీళ్ళతో పండించిన బియ్యం, వాళ్ళకే దానం చేస్తున్నట్టు ఇచ్చాను, కళ్ళకద్దుకుంటుంటే చూస్తూ నిలబడ్డాను. తర్వాతెప్పుడూ ఆవిడ మా పొయ్యి ముందు రొట్టె తట్టలేదు. అడిగితే పిండి లేదమ్మా అనేది. నాలుగేళ్ళ తర్వాత కొడుకుతో బెంగుళూరు బిల్డింగు పనులకు వెళ్ళిపోయిందని తెలిసింది, తిరిగి వచ్చిందో లేదో కనుక్కునే ధైర్యం నాకు లేకపోయింది.

ఇప్పుడు ఆ చివరి ఊళ్ళో సగం ఇళ్ళకు తాళాలు. అట్టలు కట్టేవాళ్ళు లేరు. అప్పటి ప్రచారం ఎంత మోసమైనా, మోసం చేయడానికి కూడా వాళ్ళ చేలోకి నీళ్ళు రావలసి వచ్చింది, జీపు దిగి మంచం మీద కూర్చోవలసి వచ్చింది. అప్పట్లో ఒక మనిషి ఇంకో మనిషి వేలు పట్టుకుని ఉండగా ప్రశ్న అడిగే వీలుండేది. నన్ను నాట్లక్క అడిగింది, నేను జవాబు చెప్పలేదు. ఇప్పుడు గొంతే మనల్ని అడుగుతుంది, మనం అడగడానికి దానికి చెవి లేదు.

ఇది రాస్తుండగా ఫోను మళ్ళీ మోగింది. అదే గొంతు, అదే పలకరింపు. మీ ఇంటికి నీళ్ళు వస్తున్నాయా అమ్మా? అబద్ధం ఎందుకు చెప్పాలి, ఒకటి నొక్కాను. ధన్యవాదాలన్నాడు. మాకు నీళ్ళు ఎప్పుడూ వస్తూనే ఉన్నాయి.