పక్కింటి తమ్ముడు కుదించిన ఆటలు

నా పేరు రాజవ్వ. డెబ్బై దాటాయి. మందమర్రి గని క్వార్టర్లలో కొడుకు, కోడలి దగ్గర ఉంటాను. చదువు రాదు, నేను చెప్తుంటే కోడలు రాస్తోంది. మా పక్కింటి తమ్ముడు, ఒకప్పుడు వీడియోగేమ్ దుకాణం నడిపినవాడు, మొన్న శుక్రవారం నమాజుకు పోదామని చెప్పులు తొడుక్కుంటూ గడపలోనే కూలిపోయాడు. పొద్దున నాతో చాయ్ తాగిన మనిషి. ఇప్పటికీ ఆ తలుపు చప్పుడైతే అతనే వస్తున్నాడనుకుని తిరిగి చూస్తున్నాను.

ఒకప్పుడు నా కొడుకు బడి ఎగ్గొట్టి ఆ దుకాణంలో కూర్చుంటే చీపురు పట్టుకుని పోయినదాన్ని నేను. "ఒక్క ఆట ఆడి కొట్టు అక్కా" అని తమ్ముడు రిమోటు నా చేతిలో పెట్టాడు. కార్ల పందెం. ఓడిపోయాను. ఓడి ఊరుకునేదాన్ని కాదు గదా, మర్నాడు చీపురు లేకుండా పోయాను.

దుకాణం మూశాక, గీతలు పడుతున్న ఆటల డిస్కులన్నిటికీ కంప్యూటర్‌లో నకళ్లు తీశాడు. చోటు చాలక వాటిని కుదించేవాడు. కుదించినదాన్ని ఆడి చూడనిదే పెద్ద నకలు చెరపడు. ఆ పరీక్షకు నన్ను పిలిచేవాడు.

"గింత చిన్నగ చేసినవ్, నా కారు చక్రాలు ఊడగొట్టినవా?" అన్నానొకసారి.

"ట్రాలీల పత్తి తొక్కలేదా అక్కా నువ్వు? పత్తి తగ్గిందా, గాలి పోయిందా?"

ఏళ్లకేళ్లు పత్తి తొక్కిన కాళ్లు నావి. రిమోటు అందుకున్నాను.

నిన్న అతని అన్న వచ్చాడు. ఆదిలాబాద్‌లో పత్తి వ్యాపారి. బిడ్డ పెళ్లి వీడియోలు పెట్టుకోవడానికి ఆ ఆటలన్నీ దాచిన తమ్ముడి హార్డ్‌డిస్క్ కావాలట. ఒక్క ఆటా ఉండాల్సినంత సైజు లేదని, అన్నీ సగంలో ఆగి ఖరాబైన నకళ్లని, తుడిచేస్తానన్నాడు. అసలు డిస్కులు ఎప్పుడో తుక్కులో పోయాయి. ఇవీ పోతే ఇన్నేళ్ల అతని పని గుర్తుకైనా మిగలదు. తలుపు చాటునుంచి తమ్ముడి భార్య, నాకు మరదలు, "జర ఆపు అక్కా" అంది.

నేను చెయ్యి అడ్డం పెట్టాను. "లారీల పత్తి తొక్కిస్తవ్ గదా సేటూ. కుప్ప సగమైందని పారబోస్తవా? పెట్టి చూడు. నడవకపోతే నువ్వే తుడువు."

ఒక ఆట పెట్టాడు. నడిచింది. ఆయన హార్డ్‌డిస్క్‌ను మరదలికి ఇమ్మని నాకే అప్పజెప్పాడు. దాన్ని ఇక ఎవరూ తుడవకూడదు. అందుకే ఇది రాయిస్తున్నాను.

నిన్న ఆయన ఆట పెట్టినప్పుడు, రెండు రిమోట్లూ నేనూ తమ్ముడూ వదిలినట్టే తగిలించి ఉన్నాయి. అలవాటుకొద్దీ నేను ఇద్దరి ఆటే నొక్కాను. తెర రెండు సగాలైంది. పై సగంలో నా కారు ఉరికింది. కింది సగంలో అతని కారు గుర్రుమంటూ, గీత దగ్గరే నిలబడి ఉంది.

రాజవ్వ, ఎడమ బొటనవేలి ముద్ర
సాక్షులు: కోడలు స్వరూప, పక్కింటి మరదలు షమీమ్