సరంజామా మామయ్య

బల్ల మీద కార్డు పడితే చాలు, మామయ్య దాన్ని పైకి చదవాల్సిందే. తన కార్డయినా సరే, ఎదుటివాళ్ళదయినా సరే, పక్క బల్లవాళ్ళదయినా సరే. పై వరసలో పేరు మొదలుకొని కింద మూలన ఉన్న అచ్చు సంఖ్య వరకు, ఒక్క పొల్లు వదలకుండా, గోడలు దద్దరిల్లేలా చదువుతాడు. ఇదే కార్డు పది నిమిషాల కిందట చదివావు కదా అని ఎవరైనా అంటే, అప్పుడు విననివాళ్ళు ఉంటారు అని మళ్ళీ మొదటి నుంచి అందుకుంటాడు.

ఈ బాధ అందరికంటే ఎక్కువ పడ్డది ఆయన మేనకోడలు. ఆమె రక్తపరీక్షల ల్యాబులో పనిచేస్తుంది. వారమంతా జనం చేతుల్లో నరాలు వెతికి వెతికి, శనివారం మధ్యాహ్నం కాస్త ఊపిరి పీల్చుకుందామని జిరాక్స్ షాపు మేడ మీది గదికి వస్తుంది. ఏడేళ్ళుగా అక్కడ కార్డుల క్లబ్బు నడుస్తోంది. ఆమెకు ఆ ఆట నేర్పింది, ఆ క్లబ్బులో చేర్పించింది మామయ్యే. ఏ జన్మలో ఏ పాపం చేశానో అని ఆమె మెట్లెక్కిన ప్రతిసారీ అనుకుంటుంది.

ఆట ఏమంత కష్టం కాదు. వీరుల కార్డులు కొన్ని ఉంటాయి. వాళ్ళకు తొడిగే కత్తి, డాలు, కవచం, బూట్లు వగైరా సరంజామా కార్డులు కొన్ని. ఆట బిళ్ళ చెల్లించి సరంజామాను మన వీరుడికి తొడగాలి, ఒకడి మీంచి ఇంకొకడికి మార్చాలన్నా బిళ్ళే. వీరుడు చచ్చినా సరంజామా చావదు, బల్ల మీదే పడి ఉంటుంది. మళ్ళీ బిళ్ళ చెల్లిస్తే ఇంకొకడు ఎత్తుకుంటాడు. అందుకే ఉన్న సామానంతా ఒక్కడి నెత్తిన పెట్టకూడదు. వాడు పడ్డాడంటే కత్తులూ కవచాలూ నేల మీద ఉంటాయి, ఎత్తుకోవడానికి మన దగ్గర బిళ్ళలుండవు. ఇంతే సంగతి. ఇదే మామయ్య నోట పడితే ఇలా ఉంటుంది:

"సరంజామా ధరించిన వీరుడు మరణించిననూ సదరు సరంజామా బల్లపైననే యుండును. అట్టి సరంజామాను యజమాని తన వంతు వచ్చినప్పుడు మాత్రమే, తగిన బిళ్ళలు చెల్లించి, తనదైన మరొక వీరునికి తొడగవచ్చును."

ఈ రోగానికి క్లబ్బువాళ్ళు ఒకే కారణం చెప్పుకునేవారు. మామయ్య ముప్పై ఏళ్ళపాటు రైల్వేస్టేషన్లో మైకు ముందు కూర్చుని ఏ బండి ఏ ప్లాట్‌ఫారం మీదికి వస్తుందో చెప్పిన మనిషి. రిటైరైన రోజున మైకు అక్కడే వదిలేసి గొంతు మాత్రం వెంట తెచ్చుకున్నాడు. ఒకసారి ఆయన మేడ మీద కవచం కార్డు చదువుతుంటే, కింద జిరాక్స్ కోసం నిలబడ్డ పెద్దమనిషి బండి వచ్చేసిందనుకుని సంచీ చంకన పెట్టి పరుగెత్తాడట. ఆయన ఇంకా తిరిగి రాలేదంటారు.

మాన్పించడానికి చేయని ప్రయత్నం లేదు. షాపు నడిపే జిరాక్స్ ఆవిడే క్లబ్బుకు రిఫరీ కూడా. ఆవిడ విసిగిపోయి గోడకు "నిశ్శబ్దం పాటించండి" అని బోర్డు పెట్టింది. మామయ్య వస్తూనే ఆ బోర్డును పైకి చదివాడు. మేనకోడలు గట్టి చాక్లెట్లు కొనుక్కొచ్చి ఆయన చేతిలో పోసింది, నోరు ఖాళీ లేకపోతే చదవలేడు కదా అని. ఆయన ముందు చాక్లెట్ కాగితం చదివాడు. చివరికి ఆమె వాళ్ళమ్మ దగ్గర గోలపెట్టింది. వాళ్ళమ్మ నమ్మలేదు. తన తమ్ముడు ఇంట్లో ఉప్పు కావాలన్నా నోరు విప్పి అడగడనీ, చప్పగానే తిని లేస్తాడనీ కూతురినే కసిరింది.

ఇదంతా నవ్వి ఊరుకోవచ్చు, కప్పు సంగతి లేకపోతే. ఏటా క్లబ్బులో పోటీ జరుగుతుంది. ఆటకు నలభై నిమిషాలు. జిరాక్స్ ఆవిడ వంటింటి టైమరు పెడుతుంది. అది మోగేలోగా ఆట తేలకపోతే ఇద్దరూ ఔటు. మేనకోడలు వరసగా మూడేళ్ళు అలాగే ఔటయింది. మొదటి ఏడు ఇంకొక్క ఎత్తులో గెలిచేది, మామయ్య బూట్ల కార్డు చదువుతుండగా టైమరు మోగింది. రెండో ఏడు కవచం. మూడో ఏడు మళ్ళీ అవే బూట్లు. ఎదుటివాళ్ళ చేతిలో ఓడిపోతే అంత ఏడుపు రాదు. ఒక్కసారి, ఒకే ఒక్కసారి ఆ కప్పు ఇంటికి తీసుకెళ్ళాలని ఆమె కోరిక.

నాలుగో ఏడు ఆమె ఫైనల్‌కు వచ్చింది. ఎదురుగా వడ్రంగి మేస్త్రీగారు. ఆ గదిలో బల్లలన్నీ ఆయన చేసినవే. మెతక మనిషి, కానీ ఆటలో గట్టి పిండం. ఒకసారి విన్న కార్డు మళ్ళీ మరిచిపోరు. ఆ ఏడు కార్డుల కంపెనీ బొమ్మలన్నీ మార్చి కొత్త ముద్రణ తెచ్చింది. ఫైనల్ కొత్త పెట్టెలతోనే ఆడాలని జిరాక్స్ ఆవిడ చెప్పింది.

ఆటకు ముందు మేనకోడలు మామయ్యను మెట్ల దగ్గర నిలదీసింది.

"మామయ్యా, ఈ ఒక్క ఆటకి నోరు తెరవకు."

"కొత్త బొమ్మలే. ఈ ఒక్కసారికి చదవనియ్యి. వచ్చే వారం నుంచి మానేస్తా."

"మూడేళ్ళు నీవల్లే పోయింది. నేను గెలవడం నీకు ఇష్టం లేదా?"

మామయ్య ఇష్టమేనన్నాడు. నోరు తెరవనని మాటిచ్చి, పైకి వెళ్ళి గోడవారగా కుర్చీలో కూర్చున్నాడు.

ఆట మొదలైంది. ఆ గదిలో ఫ్యాను చప్పుడు చేస్తుందని మేనకోడలికి ఏడేళ్ళలో మొదటిసారి తెలిసింది. స్వర్గంలో ఉన్నట్టు అనిపించింది. చకచకా ఎత్తులు వేసింది. అదేం విచిత్రమో, మేస్త్రీగారు ఆ రోజు కొత్తగా చేరినవాళ్ళకంటే అధ్వాన్నంగా ఆడారు. రెండు బిళ్ళలు కావలసిన కత్తికి ఒక్క బిళ్ళ పెట్టారు. జిరాక్స్ ఆవిడ తప్పు ఎత్తు ఒకటి అని రాసుకుంది. రెండోది పడితే ఆట పోయినట్టే.

తర్వాత మేస్త్రీగారు తన ఏనుగు వీరుడికి ఎర్ర డాలు తొడిగారు. పాత కార్డుల్లో ఎర్ర డాలు బొమ్మ ఉంటే ఆ వీరుడికి దెబ్బ తగలదు. కొత్త ముద్రణలో అదే బొమ్మను బరువు డాలుకు వేశారు. అది తొడిగినవాడు దాడి చేయకూడదు. ఆ సంగతి దాని మీదే నాలుగు వరసల్లో రాసుంది. అయినా మేస్త్రీగారు ఏనుగు మీద వేలు పెట్టి దాడికి ముందుకు జరిపారు.

కప్పు వచ్చేసినట్టే. అయినా మర్యాద కోసం మేనకోడలు ఒక మాట అంది.

"మేస్త్రీగారూ, డాలు మీద ఏముందో చూసుకోండి."

ఆయన కార్డు వైపు చూశారు. "ఎర్ర డాలే కదమ్మా" అన్నారు నెమ్మదిగా. తర్వాత తలెత్తి మామయ్య వైపు చూశారు. మొహం వైపు కాదు, నోటి వైపు. గోడవారగా మామయ్య రెండు పెదవులూ బిగించి, నుదుటి మీద చెమటతో, కుర్చీ చేతులు పట్టుకుని కూర్చున్నాడు.

మేనకోడలికి ఒక్కసారిగా అంతా తెలిసిపోయింది. ఈ ఏడేళ్ళలో మేస్త్రీగారు ఏదైనా చదవగా ఆమె చూడలేదు. ఆమధ్య ఆయనకు నడుం పట్టేసి నెల రోజులు క్లబ్బుకు రాలేదు. ఆ నెలంతా మామయ్య నోరెత్తలేదు, గొంతు పోయిందని అందరూ సంబరపడ్డారు. ఒక్క మేస్త్రీగారికే చదివి పెడితే ఆయనకు చదువు రాదని గదంతా తెలుస్తుంది. అందుకని అందరికీ చదివాడు, అన్ని బల్లల దగ్గరా చదివాడు, తిట్లు తిన్నాడు. ఆమెకు సిగ్గేసింది. కోపం కూడా వచ్చింది. ఒక్క మాట నా చెవిన వెయ్యొచ్చు కదా అని.

"ఏమ్మా, తప్పు ఎత్తు అంటావా?" అని జిరాక్స్ ఆవిడ కలం తీసింది.

"ఆయన ఇంకా వేలు తియ్యలేదండీ, ఎత్తు పూర్తి కాలేదు" అంది మేనకోడలు. తర్వాత గోడ వైపు తిరిగింది. "మామయ్యా, ఈ కొత్త కార్డులు నాకు బొత్తిగా అర్థం కావట్లేదు. కాస్త చదువు."

మామయ్య కుర్చీలోంచి లేచిన లేవడం చూడాలి. బరువు డాలు చదివాడు. కత్తి చదివాడు. బల్ల మీదున్న ప్రతి కార్డూ అచ్చు సంఖ్యతో సహా చదివాడు. టైమరు టిక్కుటిక్కుమంటుంటే మేనకోడలు పళ్ళు కొరుక్కుంటూ విన్నది. మేస్త్రీగారు కళ్ళు మూసుకుని విన్నారు. ఏనుగును వెనక్కి జరిపారు. ఒక బిళ్ళ పెట్టి బరువు డాలును బక్క సైనికుడి మీదికి మార్చారు, రెండు బిళ్ళలు పెట్టి కత్తిని ఏనుగుకిచ్చారు. అక్కడి నుంచి ఆమెకు ఊపిరి ఆడనివ్వలేదు. టైమరు మోగడానికి రెండు నిమిషాల ముందు ఆమె ఆఖరి వీరుడు పడిపోయాడు, ఆట మేస్త్రీగారిదయింది.

గెలిచినవాళ్ళు తమ పేరూ, గెలిపించిన ఎత్తూ క్లబ్బు పుస్తకంలో సొంత చేత్తో రాయడం ఆనవాయితీ. జిరాక్స్ ఆవిడ పుస్తకం తెరిచి మేస్త్రీగారి చేతికి కలం ఇచ్చింది. ఆయన చెయ్యి ఆగిపోయింది.

"నలభై రెండవ నియమము" అని మామయ్య గొంతు మోగింది. "విజేత పేరును ఓడిన ఆటగాడే స్వహస్తముతో వ్రాయవలెను."

మామయ్య నియమం తప్పు చెప్పడం ఆ గదిలో ఎవరూ ఎరగరు. జిరాక్స్ ఆవిడ నియమాల పుస్తకం తిప్పి చూడను కూడా చూడలేదు. మేనకోడలికి మాత్రం విని విని నియమాలన్నీ నోటికి వచ్చేశాయి. ఉన్నవి నలభై ఒకటే. ఆమె నోరు మూసుకుని కలం అందుకుంది, మేస్త్రీగారి పేరు గుండ్రటి అక్షరాలతో రాసింది.

మెట్లు దిగుతూ ఆ నియమం ఎక్కడుందని మామయ్యను అడిగింది. ఉండాల్సిందే, అచ్చువేసినవాళ్ళు మరిచిపోయి ఉంటారని అన్నాడు. మేస్త్రీగారి సంగతి ఎన్నాళ్ళ నుంచి తెలుసని అడిగితే, ఏ సంగతి, తనకేమీ తెలియదు, పైకి చదవడం తన అలవాటు అన్నాడు. ఎంత గుచ్చి అడిగినా అదే మాట.

"సరేలే. వచ్చే ఏడు కప్పు నాకు కావాలి. కాస్త గబగబా చదువు."

మామయ్య వీధి మలుపు దాకా ఆలోచించాడు.

"కామాల దగ్గర ఆగను. ఫుల్‌స్టాపుల దగ్గర మాత్రం ఆగక తప్పదే."