ఎండలో ఆరేసిన రికాబు పట్టీ

ఒక అబద్ధాన్ని ఏళ్ళ తరబడి మోస్తున్నాను. కూర్చున్నా, పనిలో ఉన్నా అది కుదురుగా ఉండనివ్వదు. మీకు మొదటి నుంచీ చెబుతాను. మధ్యలో నా తప్పును చిన్నది చేసుకుంటున్నానని అనిపిస్తే నన్ను నమ్మకండి.

గన్నవరం దాటాక, కాలవ పక్కన, గుర్రపు స్వారీ నేర్పే చిన్న చోటు ఒకటి ఉండేది. అక్కడి జీన్లు, కళ్ళేలు, పట్టీలు చూసుకోవడం నా పని. మా వైపు వానాకాలంలో తోలుకు ఊరికే బూజు పడుతుంది. తడిగుడ్డతో తుడవాలి, నీడలో గాలికి ఆరనివ్వాలి, ఆరాక పలచగా నూనె పట్టించాలి. ఎండలో మాత్రం పెట్టకూడదు. ఇవన్నీ తెలిసినదాన్నే. తెలియక చేశానని చెప్పుకునే వీలు కూడా లేదు.

రమక్క పటమట నుంచి వచ్చేది. బ్యాంకు ఉద్యోగం. నలభై దాటాక స్వారీ నేర్చుకుని, ఇంట్లో అందరూ వద్దంటున్నా గౌరి అనే గోధుమరంగు ఆడగుర్రాన్ని కొనుక్కుంది. వాన వెలిసిన ఒక మధ్యాహ్నం, తడిసిన ఆమె రికాబు పట్టీలను రేకుల కప్పు మీద ఎండలో పడేశాను. కాళ్ళు పెట్టే రికాబులు వేలాడేది ఆ పట్టీలకే. చుట్టాలింటికి వెళ్ళాలన్న తొందర నాది. తిరిగొచ్చి చూస్తే తోలు అట్టలా బిగుసుకుపోయింది. బకిల్ దగ్గర సన్నని చీలిక. కొత్తవి అడగాలి. అడిగితే, తోలు సామాను నా చేతిలో ఉంటే బెంగ లేదని అందరితో చెప్పే యజమానుల ముందు నేనేమవుతాను? చీలిక కనబడకుండా నూనె దట్టంగా రుద్ది, మళ్ళీ జీనుకు తగిలించాను.

మర్నాడు కాలవ గట్టు మీద గౌరి మామూలుగా పరుగెడుతుండగా ఎడమ పట్టీ తెగింది. రమక్క పడిపోయింది. గుర్రం బెదిరిన మాట నిజమే. కానీ ఆమె పడ్డాక. అందరూ ఆమె చుట్టూ చేరితే, నేను గౌరిని పట్టుకునే వంకతో వెళ్ళి తెగిన ముక్కల్ని కాలవలోకి విసిరేసి, దాన్ని కొట్టానికి తీసుకెళ్ళి వేరే పట్టీ తగిలించాను. ఎంత చురుగ్గా కదిలాయో నా చేతులు!

భుజానికి కట్టుతో ఆస్పత్రి మంచం మీద ఉన్న రమక్క అడిగింది.

"నువ్వు దగ్గరే ఉన్నావుగా. కాలి కింద ఏదో జారినట్టయిందే. పట్టీ ఏమైనా తెగిందా?"

"లేదక్కా. గౌరే బెదిరింది."

"అదెప్పుడూ అట్లా చేయలేదే!"

"గుర్రాల్ని నమ్మలేం కదక్కా."

ఆ చివరి మాట ఎందుకన్నాను? మొదటి అబద్ధం చాలలేదా?

రమక్క ఇంట్లోవాళ్ళు పట్టుబట్టి, పెళ్ళి ఊరేగింపులకు గుర్రాలు తిప్పే ఒకాయనకు గౌరిని అమ్మించేశారు. పంపించే రోజు రమక్క వచ్చి, బాగున్న చేత్తో దాని మెడ నిమురుతూ "ఎందుకే ఇట్లా చేశావు?" అంది. పక్కనే నిలబడ్డాను. అప్పుడైనా నోరు విప్పలేదు. ఆమె మళ్ళీ గుర్రమెక్కలేదు.

కిందటి వారం ఫోన్ చేసి అంతా చెప్పేశాను. తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండని కోరుకున్నానేమో కూడా.  ఆమె, గౌరి ఇప్పుడెక్కడుందో తెలుసా అని మాత్రం అడిగింది. తెలియదన్నాను. పెట్టేసింది. నేను మళ్ళీ చేస్తే ఎత్తలేదు. ఎత్తమని అడిగే ముఖం నాకెక్కడిది?

ఇన్నేళ్ళూ వీధిలో ఊరేగింపు వస్తుంటే తలుపు వేసుకునేదాన్ని. నిన్న బాజాలు వినబడగానే గుమ్మంలోకి వెళ్ళాను. తెల్లగుర్రం. గౌరి కాదు. అయినా అది మలుపు తిరిగేదాకా చూస్తూ అక్కడే నిలబడ్డాను.